సునంద డబ్బాలోని జొన్నలు

భూపాలపల్లి,
22 ఏప్రిల్ 1969

వదిన గారికి,

నేను బాగానే ఉన్నాను. బడి జనవరి నుంచి సరిగా నడవలేదు. పెద్ద పిల్లలంతా ప్రత్యేక తెలంగాణ ఊరేగింపులకు పోతున్నారు. నేను పొద్దున పోయి హాజరు పుస్తకంలో సంతకం చేసి, ఖాళీ బెంచీల ముందు కాసేపు కూర్చుని గదికి వస్తున్నాను.

మీ ఉత్తరం చదివాను. రాజమణి అన్నం ముట్టడం లేదని, బిస్కెట్లు, బూందీ తప్ప ఏదీ నోట పెట్టడం లేదని రాశారు. దుకాణం తిండి మాన్పించి ఇంట్లో వేయించిన జొన్న పేలాలు పెట్టమని డాక్టరు చెప్పినట్టు రాశారు. ఆయన చెప్పింది సరైనదే. పొట్టు తీయని గింజ కడుపుకు మంచిది, తేలికగా అరుగుతుంది. మణికి ఐదేళ్ళు. తల్లి పోయి రెండు నెలలు. నాకు భయంగా ఉంది. దాని గురించి ఇంతకంటే రాయలేను.

మొన్న ఆదివారం మహబూబాబాద్ పోయి ఇల్లు తెరిచాను. సునంద పోయిన తర్వాత తాళం తీయడం అదే మొదటిసారి. అటక మీద మూత బిగించిన డబ్బాలో జొన్నలు కనిపించాయి. మామగారు ఆమెకు పసుపు కుంకుమల కింద ఇచ్చిన రెండెకరాల చెలకలో పండినవే. గింజ గట్టిగా, ఒకే తీరుగా ఉంది. తీరిగ్గా కూర్చుని ఏరినట్టుంది. పురుగు పట్టకుండా బూడిద కలిపి పెట్టింది. నాలుగు శేర్లుంటాయి. ఒక్క పురుగు లేదు. మన కట్టయ్య పని మీద జనగామ వస్తున్నాడు. అతని చేత పంపిస్తున్నాను.

ఆమె వేయిస్తుంటే చూశాను కాబట్టి పద్ధతి రాస్తున్నాను. బూడిద పోయేదాకా కడిగి ఆరబెట్టండి. వేయించే ముందురోజు సాయంత్రం కాస్త ఉప్పునీళ్ళు చిలకరించి గుడ్డలో మూట కట్టండి. మరునాడు మట్టి మంగలంలో వాగు ఇసుక పోసి కాగనివ్వండి. నీటిచుక్క వేస్తే చుయ్‌మనాలి. అప్పుడు పిడికెడు గింజలే వేయండి. ఎక్కువ వేస్తే ఇసుక చల్లారి పేలవు. ఈనెల కట్టతో తిప్పుతూ ఉండండి. చప్పుడు ఆగగానే జల్లెడ పట్టి, పేలని గింజలు ఏరేయండి. పిల్ల గొంతుకు అడ్డం పడతాయి. నూనె వద్దు. బెల్లం వద్దు.

నా బిడ్డకు పంపడానికి నా దగ్గర ఇంకేమీ లేదు. వాళ్ళ అమ్మ ఏరిన గింజ దాని కడుపులో పడితే నాకు చాలు.

కొండల్


జనగామ,
6 మే

మరిది కొండల్‌కు,

అక్కలాంటి నీ వదిన సుజాత రాసేది. జొన్నలు అందినయి. కట్టయ్య మూట నెత్తిన పెట్టుకొని స్టేషన్ నుంచి నడిచి వచ్చిండు. వచ్చీ రాంగనే నీళ్ళడిగి, "అక్కా, గీ మూట పెట్టిన పరేషాన్ అంతా ఇంతా కాదు. పోలీసోళ్ళు మూడు జాగల ఆపిండ్రు. బాంబులనుకున్నరట. జొన్నలే సారూ అంటే ఒకడు చెయ్యి లోపల దాకా పెట్టి చూసి, నాలుగుసార్లు తుమ్మి, పోరా పో అన్నడు" అని చెప్పిండు. నవ్వుకున్నం. ఈ ఇంట్ల నవ్వు విని చాన రోజులయింది.

నాలుగు నీళ్ళు కడిగిన. మొదటి నీళ్ళు చిక్కగ బూడిదరంగుకు వచ్చినయి. మా చెల్లె సంగతి నీకు తెలుసు కద, దేన్నయినా ఒక పాలు ఎక్కువే కలిపేది. ఆరబెట్టి, నువ్వు రాసినట్టే చేసిన. మంగలం కుమ్మరి ఇంటి నుంచి కొత్తది తెచ్చిన. ఇసుక మీ అన్న తెప్పించిండు. ఒక్కొక్క గింజ మల్లెమొగ్గ విచ్చినట్టు పేలింది. పేలనివి వందకు నాలుగో అయిదో.

మీ అన్న దుకాణంల నుంచి లేచి వచ్చి పొయ్యి దగ్గర నిలబడి, "బూందీ, బిస్కెట్లు అమ్ముకునే వెంకట్రాజం ఇంట్ల పేలాలు వేయించుడా? గిరాకి వచ్చి చూస్తే నా ఇజ్జత్ ఏం గావాలె" అన్నడు. "గిరాకి యాడుంది, మూడొద్దుల నుంచి బందే గద" అన్న. "గదీ నిజమే" అని తానూ రెండు నోట్ల వేసుకోబోయి, పళ్ళు లేవని యాదికొచ్చి ఊకున్నడు.

మణి సాయంత్రం పూట పిడికెడు తింటున్నది. ఉత్త పేలాలే. బెల్లం అడగలేదు. నువ్వు భయపడకు. నీ ఆరోగ్యం చూసుకో. హోటల్ తిండి మంచిది కాదు.

సుజాత


భూపాలపల్లి,
18 మే

వదిన గారికి,

మీ ఉత్తరం శుక్రవారం అందింది. మణి పిడికెడు తింటున్నదన్న ముక్క మళ్ళీ మళ్ళీ చదివాను.

ఇక్కడ పేపర్లు రెండు రోజులు ఆలస్యంగా వస్తున్నాయి. స్టేషన్ల దగ్గర కాల్పులని, కర్ఫ్యూలని చదువుతుంటే ఊళ్ళ పేర్లలో ముందు జనగామ కోసం వెతుకుతున్నాను. మీ ఇల్లు రోడ్డు మీదే ఉంది. ఊరేగింపు వచ్చినప్పుడు మణిని వెనక గదిలో ఉంచండి. చూడాలని ఏడ్చినా సరే.

ఒక పని చేయండి. అన్నను అడిగి దుకాణంలో బస్తాలు తూచే కాంటా మీద మణిని తూయించండి. బరువు రాయండి. నెల తర్వాత మళ్ళీ తూచి రాయండి. తింటున్నదని మీరు రాస్తే నమ్ముతాను. కానీ అంకె కనపడితే ధైర్యంగా ఉంటుంది.

పేలాలు పడుతున్నాయి కాబట్టి రోజుకు రెండు పిడికెళ్ళు చేయండి. పొద్దున ఒకటి, సాయంత్రం ఒకటి. ఎట్టి పరిస్థితిలో మానకండి.

ఫిబ్రవరిలో సునందకు జ్వరం వచ్చినప్పుడు మూడు రోజులు మామూలు జ్వరమే అనుకున్నాను. ఆ మూడు రోజులు నన్ను వదలడం లేదు. అందుకే ఇన్ని జాగ్రత్తలు రాస్తున్నాను. విసుక్కోకండి.

కొండల్


జనగామ,
14 జూన్

మరిది కొండల్‌కు,

జవాబు ఆలస్యమయింది. టపా సరిగ పోతలేదు. ఉద్యోగులంత సమ్మెల ఉన్నరు. రైళ్ళు ఏ రోజు వస్తయో, ఏ రోజు రావో ఎవరికీ తెల్వది.

మణిని రెండుసార్లు తూచినం. మొదటిసారి పదమూడు కిలోలు. నెల నిండకముందే నిన్న పద్నాలుగు దాటింది. ఇది ఒట్టేసి రాస్తున్న. కాంటా మీద కూసొని, "పెద్దబాపూ, నన్ను ఎవ్వలకు అమ్ముతున్నవ్?" అని అడిగింది. మీ అన్న ముల్లు చూసుకుంట, "నిన్నెవరు కొంటరే. సగం సరుకు నువ్వే బుక్కితివి, ఇగ మిగిలింది నువ్వొక్కదానివే" అన్నడు. "అయితే నన్ను నువ్వే ఉంచుకో" అన్నది. మీ అన్న లోపలికి పోయి మొఖం కడుక్కొని వచ్చిండు.

నువ్వు చెప్పినట్టు పేలాలు రోజుకు రెండు పిడికెళ్ళు నడుస్తున్నయి. వారానికి రెండుసార్లు వేయిస్తున్న. ఇంక శేరున్నర మిగిలినయి.

నా రాత చూసి నవ్వకు. వేళ్ళు మొద్దుబారినట్టు ఉంటున్నయి. కలం పట్టుకుంటే పట్టుకున్నట్టే తెలుస్తలేదు. పెదవుల చుట్టు చీమలు పాకినట్టు ఉంటది. నిన్న చాయ్ గిలాస జారి పగిలింది. మీ అన్నకు ఇదంత నవ్వులాట. "ఊరంత సమ్మె జేస్తుంటే నీ చేతులు ఊకుంటయా, అవి గూడ దిగినయి" అంటడు. ఎండలకు అయివుంటది. వానలు పడితే తగ్గుతది.

నువ్వు వానలు పడినంక చెలక సంగతి చూస్తానంటివి. మహబూబాబాద్ పోతే ఇంటి తాళం జాగ్రత్త. సునంద చీరలు నువ్వు ముట్టకు. నేను వచ్చి సర్దుత.

సుజాత


మహబూబాబాద్,
27 జూన్

వదినా,

ముందు ఇది చదవండి. ఆ జొన్నలు మణికి పెట్టకండి. ఒక్క గింజ కూడా. వేయించినవి ఉంటే పారబోయండి. మిగిలినవి పశువులు, కోళ్ళు ముట్టని చోట గొయ్యి తీసి పాతిపెట్టండి. మంగలం, ఇసుక కూడా. అది బూడిద కాదు. విత్తనాలకు కలిపే మందు.

ఎట్లా తెలిసిందో రాస్తున్నాను. చెలక కౌలుకు చేసే దేవ్యా, అతని భార్య సక్రి పొద్దున తండా నుంచి వచ్చారు. వాన పడింది, విత్తనం వేయాలన్నారు. దేవ్యా అటక వంక చూసి, "సారూ, అమ్మ పెట్టిన డబ్బా దించు" అన్నాడు.

"ఏ డబ్బా?"

"జొన్నల డబ్బా. పోయిన యాసంగిల విత్తంగ మిగిలినయి. మందు గలిపినయని అమ్మ పైన పెట్టింది. ఈసారి ఏద్దామన్నది."

డబ్బా నేల మీదే ఖాళీగా ఉంది. నేను దాని వైపు చూశాను. సక్రి నా ముఖం చూసింది.

"యాడ బోసినవ్ సారూ? ఎవరన్న తిన్నరా?"

నేను ఖాళీ డబ్బా ఎత్తి వాసన చూశాను.

"అమ్మ మూతికి గుడ్డ గట్టుకొని కలిపింది. నేను గూడ ఉన్న. నా చేతులు మూడుసార్లు సబ్బుతోని కడిగిచ్చింది. గివి సచ్చినా తినేటియి కావు సక్రీ అన్నది. గ్రామసేవక్ సారు గట్లనే చెప్పిండట."

వదినా, ఆ డబ్బాకు మూత బిగించి, పైన గుడ్డ చుట్టి గట్టిగా ముడి వేసి ఉంది. తినే గింజకు ఎవరూ అట్లా కట్టరు. ముడి విప్పలేక కత్తితో కోశాను. మూత తీయగానే ఒక ఘాటు వాసన వచ్చింది. బూడిదకు ఆ వాసన ఉండదు. ఇవి మీకు అప్పుడు రాయలేదు. ఇల్లు మూసి ఉంది కదా, ముక్కిన వాసన అనుకున్నాను. ఆమె ఏరిపెట్టిన గింజ దొరికిందన్న సంతోషంలో మిగతావి చూడలేదు. పైగా రెండు పిడికెళ్ళు చేయమని రాశాను.

ఇక్కడి డాక్టరు దగ్గరికి పోయాను. ఆ మందులో పాదరసం ఉంటుందన్నాడు. కడిగితే కొంత పోతుంది, పూర్తిగా పోదు. వేయించేటప్పుడు వచ్చే పొగ కూడా మంచిది కాదు. తిన్న రోజే తెలియదు, వారాలు గడిచాక బయటపడుతుంది. వేళ్ళు, పెదవులు మొద్దుబారతాయి. చేతులు వణుకుతాయి. నడక తూలుతుంది. చూపు తగ్గుతుంది. మణికి వీటిలో ఏది ఉన్నా ఆ క్షణమే దవాఖానకు తీసుకుపోండి. ఈ ఉత్తరం డాక్టరుకు చూపించండి. నేను మందు కలిపిన గింజ పంపానని చెప్పండి. దాచవద్దు.

తంతి ఇవ్వడానికి పోయాను. జనగామ వైపు లైను తెగిందన్నారు. ఎప్పుడు బాగవుతుందో చెప్పలేమన్నారు. రైలు పొద్దటి నుంచి ఒక్కటీ రాలేదు. ఈ ఉత్తరం టపాలో వేస్తున్నాను. రేపు తెల్లవారగానే దేవ్యా సైకిల్ తీసుకొని బయలుదేరుతాను. ఇది ముందు చేరినా, నేను ముందు చేరినా ఒకటే.

మణి నడిచేటప్పుడు తూలుతున్నదా? అది ఒక్కటి చూడండి.

కొండల్


వరంగల్,
4 జూలై

వదినా,

కార్డు ఒక్కటే ఇచ్చారు. చిన్న అక్షరాలతో రాస్తున్నాను. సైకిల్ మీద వరంగల్ దాకా వచ్చాను. చౌరస్తాలో ఊరేగింపు మీద లాఠీచార్జి అయింది. నేను అందులో లేను. పిల్లకు బాగలేదు, పోనివ్వండి అని పోలీసులతో అన్నాను. ఏం పని చేస్తావంటే టీచరునన్నాను. టీచర్లంతా సమ్మెలోనే ఉన్నారుగా అని లారీ ఎక్కించారు. జైలులో జాగా లేక రెండు వందల మందిని ఒక బడిలో పెట్టారు. ఎప్పుడు వదులుతారో తెలియదు. మిగతావాళ్ళు నినాదాలు ఇస్తున్నారు. నేను మణి బరువు తలచుకుంటున్నాను. పదమూడు, పద్నాలుగు.

మీ ఉత్తరాలు రెండూ జేబులో ఉన్నాయి. పక్క పక్కన పెట్టి చూశాను. మే నెలలో మీ అక్షరాలు గుండ్రంగా, వరుస తప్పకుండా ఉన్నాయి. జూన్ ఉత్తరంలో గీత మీద ఒక్క అక్షరం నిలబడలేదు. చీమలు పాకినట్టు ఉందని మీరే రాశారు. గిలాస జారిందని రాశారు. డాక్టరు చెప్పిన మాటలన్నీ మీ ఉత్తరంలో ముందే ఉన్నాయి. బయలుదేరే ముందు దాన్ని రెండుసార్లు చదివాను. మణి బరువు కోసం మాత్రమే చదివాను.

నిజం రాయండి. మణి తిన్నదా? మీరు తిన్నారా?

కొండల్


జనగామ,
13 జూలై

తమ్ముడు కొండల్‌కు,

వెంకట్రాజం రాస్తున్నాను. మీ వదిన చెబుతున్నది, నేను రాస్తున్నాను. ఆమె కలం పట్టలేదు. నీ మహబూబాబాద్ ఉత్తరం, వరంగల్ కార్డు రెండూ నిన్న ఒకేసారి వచ్చినయి. ఇన్ని రోజులు ఎక్కడో సంచిలో పడి ఉన్నయి.

మొదలు నీకు కావలసిన మాట. మణి ఒక్క గింజ తినలేదు. బాగున్నది. తూలుత లేదు. ఇప్పుడు వాకిట్లో పిల్లలతో జై తెలంగాణ అనుకుంట ఉరుకుతున్నది. డాక్టరు నిన్ననే చూసిండు. వేయించే రోజుల్లో మీ వదిన దాన్ని పక్కింటికి పంపేదట, పొగ కూడ తగలలేదు.

ఇక మీ వదిన మాట. చెప్పింది చెప్పినట్టే రాస్తున్న.

"మరిదీ, నేను అబద్ధం రాసిన. మొదటి రోజు పేలాలు చాటల పోసుకొని మణిని పిలిచిన. వచ్చి చూసి ఆగిపోయింది. దగ్గరికి రాలేదు. 'అమ్మ మళ్ళ పోతుందా పెద్దమ్మా?' అన్నది. చాట తీసి లోపల పెట్టిన. సునందను తీసుకపోయిన రోజు పాడె ముందట రోడ్డు పొడుగునా పేలాలు చల్లుకుంట పోయిండ్రు. పిల్ల మీ అన్న భుజం మీద నుంచి అంత చూసింది. మనం యాది మరిచినం. అది మరువలేదు. ఆ చాట చూసి ఇంట్ల ఇంకొకరు పోతున్నరనుకున్నది.

"ఆ మాట నీకెట్ల రాయాలె? ఆ గింజ పంపి ఇంత సంతోషపడ్డవు. నీ ఉత్తరంల ఉన్న సంతోషం అదొక్కటే. అందుకని తింటున్నదని రాసిన. దానికి పెసర్లు ఉడకబెట్టి గుడాలు చేసి పెట్టిన. బరువు పెరిగింది నిజమే, అది వాటితోని.

"పేలాలు పారబోయ మనసొప్పలేదు. ఒక్కొక్క గింజ నా చెల్లె వేళ్ళతోని ఏరింది. చివరిసారి ముట్టింది. ఆ జొన్నలు బజార్ల పోస్తే ఎవరో తొక్కుతరు. మణి పక్కింటికి పోయినంక కూసొని నేనే తిన్న. నువ్వు రెండు పిడికెళ్ళన్నవు కద, రెండే తిన్న. నీకు రాసిన లెక్క అబద్ధం కావద్దని."

ఇది ఆమె చెప్పింది. ఇప్పుడు నేను చెప్పేది విను. నీ ఉత్తరం నిన్న వచ్చేదాకా తింటనే ఉన్నది. మూట అడుగంటింది. నాకు తెల్వదు. అదే ఇంట్ల ఉన్న, తెల్వదు. చేతులు సమ్మె చేస్తున్నయని ఆడిపోసుకున్న. ఇప్పుడు గోడ పట్టుకొని నడుస్తున్నది. నేను దగ్గరికి పోయేదాకా నన్ను గుర్తుపడుత లేదు. అన్నం నేను కలిపి పెడుతున్న. ముప్పయి ఏండ్ల నుంచి కాంటా మీద జోకుడే నా పని, తులం తేడా వస్తే కన్ను పట్టేస్తది. ఇంట్ల మనిషి ఇంత తరుగుతుంటే నాకు కనబడలేదు.

ఇక్కడి డాక్టరు హైదరాబాదు పెద్ద దవాఖానకు తీసుకపొమ్మంటున్నడు. లారీ ఒకటి మాట్లాడిన. దారిల ఆపుతరేమోనని భయమయితున్నది. ఆపితే జొన్నల సంగతంత మొదటి నుంచి చెప్పాలె, ఎవరు నమ్ముతరు? మణిని పక్కింటి సాలోళ్ళ దగ్గర ఉంచి పోతున్నం. నిన్ను వదిలిన రోజు నేరుగ ఇక్కడికే రా.

నిన్ను తిట్టాలని కూసున్న. ఆమె తిట్టనియ్యలేదు. "నా మరిది బూడిదే అనుకున్నడు, నేను బూడిదే అనుకున్న. ఇద్దరం ఒక్క తీరుగనే అనుకున్నం" అన్నది. ఇది గూడ రాయమన్నది, రాసిన.

వెంకట్రాజం


భూపాలపల్లి,
5 అక్టోబరు

వదినా,

దవాఖాన నుంచి మిమ్మల్ని ఇంటికి పంపారని అన్న కార్డు రాశాడు. సెప్టెంబరులో వార్డులో మిమ్మల్ని చూసి వచ్చిన తర్వాత ఉత్తరం రాద్దామని నాలుగుసార్లు కూర్చున్నాను. మీరు నా గొంతు విని గుర్తుపట్టారు. దగ్గరికి వచ్చాక కూడా ముఖం వెతుక్కున్నారు. అది రాయడానికి నాకు చేతకాలేదు. ఇప్పుడూ చేతకాదు.

డాక్టరుతో విడిగా మాట్లాడాను. చూపు కొంత రావచ్చునన్నాడు. చేతుల సంగతి ఏడాది గడిస్తే తప్ప చెప్పలేమన్నాడు. ఇంకేమన్నా అవుతుందా అని అడిగాను. కొందరికి బాగవుతూ ఉండి మళ్ళీ తిరగబడుతుందన్నాడు. ఇది మీకు చెప్పవద్దన్నాడు. మీరు నా దగ్గర దాచారు, నేను మీ దగ్గర దాచాను. దానితో ఎంత నష్టం జరిగిందో చూశాం. అందుకని రాస్తున్నాను. అన్న చదివి వినిపించేటప్పుడు ఈ ముక్క దాటేయవద్దని ఆయనకూ రాస్తున్నాను.

వరంగల్‌లో నన్ను వదలగానే పక్కింటివాళ్ళ దగ్గర నుంచి తెచ్చుకున్నప్పటి నుంచి మణి నా దగ్గర బాగుంది. బడి మళ్ళీ నడుస్తోంది. మొదటి తరగతిలో కూర్చుంటోంది. జడ వేయడం నాకు హెడ్మాస్టరు గారి భార్య నేర్పింది. వంకరగా వస్తోంది. "పెద్దమ్మ వేస్తే ఇట్ల గుంజకపోయేది" అంటుంది. పెద్దమ్మ చేతులు బాగయ్యాక వేస్తుందన్నాను. "ఎన్నొద్దులకు?" అంది. ఏడాది అన్నాను. వేళ్ళు లెక్కపెట్టి, చాలవని వదిలేసింది.

ఒకటి చెప్పాలి. పోయిన నెల ఇక్కడి సంతలో జొన్నలు కొన్నాను. అమ్మిన రైతును మూడుసార్లు అడిగాను, తినే గింజేనా అని. మూడోసారి, "సార్, కొనుడుంటే కొను, లేకుంటే పో. నా పిల్లలు గివే తింటున్నరు" అన్నాడు. ఇంటికి తెచ్చి వాసన చూశాను. కడిగిన నీళ్ళు గాజు గ్లాసులో పట్టి వెలుతురుకు పెట్టి చూశాను. ఇసుక కాచి, మణి ముందే వేయించాను. గింజలు ఎగిరి పడుతుంటే అది తలుపు చాటుకు పోయింది. "ఎవ్వలు పోతున్నరు బాపూ?" అంది. ఎవరూ పోవడం లేదు, ఇవి తినడానికి అన్నాను. నేను తిన్నాను. మూడు వారాలు రోజూ దాని ముందు కూర్చుని నేను ఒక్కడినే తిన్నాను. పెదవులు తడిమి చూసుకున్నాను. సుద్దముక్కతో నల్లబల్ల మీద గీత గీసి చూసుకున్నాను, తిన్నగా వస్తోందా అని. గింజ మంచిదేనని తెలుసు. అయినా చూసుకున్నాను.

నిన్న సాయంత్రం నేను అడగకుండానే వచ్చి పక్కన కూర్చుంది. రెండు పేలాలు తీసుకుంది. ఒకటి నా నోట్లో పెట్టింది. కాసేపు నా ముఖం చూసింది. తర్వాత రెండోది తాను తిన్నది.

ఈ ఉత్తరంతో పది కార్డులు పంపుతున్నాను. పదింటి మీదా నా చిరునామా నేనే రాశాను. మీరు ఏమీ రాయకండి. అన్న చేత కూడా రాయించకండి. ఆయన బాగుంది అని రాస్తాడు. మీ మాట మీద ఆయన కూడా అబద్ధం రాస్తాడు. సోమవారం సోమవారం ఒక కార్డు మీ చేత్తో పట్టుకొని, గోడ పట్టుకొని అయినా సరే, దుకాణం ముందున్న టపా డబ్బా దాకా నడిచి అందులో వేయండి. వంకర పడినా, మూల నలిగినా, మీ వేళ్ళ మరక అంటినా ఫర్వాలేదు. ఖాళీ కార్డు వస్తే మీరు అంత దూరం నడిచారని, చేయి అంత ఎత్తు లేచిందని నాకు తెలుస్తుంది. పది అయిపోగానే ఇంకో పది పంపుతాను.

ఇక్కడికి టపా గురువారం వస్తుంది. ఆ రోజు రెండో గంట పాఠం పెట్టుకోలేదు. మణి, నేను బడి గేటు దగ్గర నిలబడి ఉంటాం.

కొండల్